రాయబారి జీవితం - లేఖల సాక్ష్యం

సికింద్రాబాదు నుండి శామీర్‌పేటకు పోయే దారిలో, బొల్లారంలో రాష్ట్రపతి నిలయం ఉంది. 1948లో హైదరాబాదు సంస్థానం భారతదేశంలో విలీనం కాకముందు ఆ భవనాన్ని బొల్లారం రెసిడెన్సీ అని పిలిచేవారు. రెసిడెంటు అనే ఆంగ్లపదానికి నివాసి అని అర్థం. కాని నిజాం రాజ్యంలో ఆ మాటకున్న బరువు వేరు. ఈస్టిండియా కంపెనీ తరఫున దర్బారులో ఉండే రాయబారి రెసిడెంటు. మర్యాదకు అతను అతిథి. వ్యవహారంలో మాత్రం పెత్తనం అతనిదే.

అట్టి రాయబారులలో ఒకడు జేమ్స్ అకిలీస్ కిర్క్‌పాట్రిక్. అతడు 1764లో మద్రాసులో జన్మించాడు. 1798లో రెండవ నిజాం కొలువులో రెసిడెంటు అయ్యాడు. ఆ ఏడాదే నిజాంతో సైన్యసహకార సంధి కుదిర్చి, అక్టోబరులో అక్కడి ఫ్రెంచి సేనలను నిరాయుధం చేయించాడు. నిజాం అతనికి హష్మత్ జంగ్ అనే బిరుదునిచ్చాడు. కోఠిలో అతడు కట్టించిన రెసిడెన్సీ సౌధం తరువాతి కాలంలో మహిళా కళాశాల అయింది. నేడది మహిళా విశ్వవిద్యాలయం. ఇతని జీవితాన్ని విలియం డాల్రింపుల్ 'వైట్ మొఘల్స్' అనే గ్రంథంగా రచించి 2002లో ప్రకటించాడు.

నాటకకర్త చరిత్ర రాయడం ఒక విధం, రాయబారి చరిత్ర రాయడం మరొక విధం. ఫ్రెంచి నాటకకర్త బోమార్షే తన రాజు కోసం రహస్య రాయబారాలు కూడా నడిపాడు. అయినా అతని మనసు తెలుసుకోవడానికి ఫిగారో పాత్ర నోట పలికించిన మాటలైనా మిగిలి ఉన్నాయి. కేవలం రాయబారి అయినవాడు విడిచిపోయేది ఉత్తరాలనే. ఆ ఉత్తరాలు రాయడంలో అతని నేర్పంతా ఏది చెప్పాలో, ఏది దాచాలో తెలియడంలోనే ఉంటుంది.

కిర్క్‌పాట్రిక్ దాచవలసినది చాలా ఉంది. హైదరాబాదు ప్రభువర్గానికి చెందిన ఖైరున్నిసా బేగంను అతడు ఇస్లాం స్వీకరించి వివాహమాడాడు. ఈ సంగతి గవర్నరు జనరల్ వెల్లస్లీకి తెలియనీయలేదు. ఆమె కుటుంబాన్ని బలవంతపెట్టాడన్న అభియోగంపై 1801లో విచారణ జరిగింది. అది రుజువు కాలేదు. అన్నగారైన విలియంకు రాసిన లేఖలలో కొన్ని భాగాలను అతడు గూఢలిపిలో రాశాడు. అధికార లేఖలో ఒక మనిషి, అన్నకు రాసిన లేఖలో మరొక మనిషి కనబడతాడు. రెంటిలో ఏది నిజమని అడగడం కన్నా, ఏ ఉత్తరం ఎవరి కోసం రాసినదని అడగడం మేలు. డాల్రింపుల్ లండనులోని ఈ లేఖలతో తృప్తి పడలేదు. ఖైరున్నిసా బంధువైన అబ్దుల్ లతీఫ్ షుస్త్రీ పారశీకంలో రాసిన గ్రంథాన్ని కూడా పరిశీలించాడు. నా దృష్టిలో ఈ పుస్తకానికి విలువ తెచ్చినది ఆ శ్రమయే.

అయితే తెలుగు పాఠకునికి ఒక లోటు తప్పక తోస్తుంది. 1800 అక్టోబరులో కిర్క్‌పాట్రిక్ కుదిర్చిన మరొక సంధి వల్ల బళ్లారి, కడప, అనంతపురం ప్రాంతాలు కంపెనీ వశమయ్యాయి. దత్త మండలాలంటే అవే. 1928 నుండి ఆ సీమను రాయలసీమ అంటున్నాము. రాయబారి చరిత్రలో ఈ సంధి అతని ఉద్యోగ విజయం. కడప రైతుకు అది శిస్తు కట్టవలసిన ప్రభువు మారిపోయిన రోజు. ఆ రైతు మాట రెసిడెన్సీ ఉత్తరాలలో దొరకదు.

ఖైరున్నిసా మాట కూడ అంతే. ఘోషాలో ఉన్న ఆమె కొత్త సౌధం ముఖభాగాన్ని చూడలేదని, అందుచేత భర్త ఆమె తోటలో దాని చిన్న నమూనా కట్టించాడని స్థానికులు చెప్పుకొంటారు. నమూనా ఉన్నమాట నిజం. కారణం మాత్రం జనశ్రుతి. రాయబారి సంగతి తేదీలతో సహా తెలుస్తుంది గాని, అతని భార్య సంగతి ఎక్కువగా ఇతరుల ఉత్తరాల ద్వారానే తెలుస్తుంది.

1805లో పిల్లలిద్దరినీ ఇంగ్లండుకు పంపివేశారు. కొడుకుకు నాలుగేళ్లు, కూతురుకు మూడేళ్లు. అదే ఏడాది అక్టోబరులో కిర్క్‌పాట్రిక్ కలకత్తాలో మరణించాడు. 1813లో ఖైరున్నిసా కన్నుమూసింది. పిల్లలను ఆమె మళ్లీ చూడలేదు.

సాహిబ్ బేగం అనే ఆ కూతురు ఇంగ్లండులో కిట్టీ కిర్క్‌పాట్రిక్‌గా పెరిగింది. దశాబ్దాలు గడిచిన తరువాత, తండ్రి వద్ద పనిచేసిన హెన్రీ రస్సెల్ ఇంటిలో ఒక చిత్రపటం ఆమె కంటబడింది. ప్రయాణానికి ముందు చిన్నరీ అనే చిత్రకారుడు గీసిన తమ అన్నాచెల్లెళ్ల పటమది. ఆ తరువాత రస్సెల్ సహాయంతో ఆమెకు హైదరాబాదులోని అమ్మమ్మ షరఫున్నిసాతో ఉత్తరాలు సాగాయి. మనుమరాలు ఆంగ్లంలో రాసేది; అమ్మమ్మ పారశీకంలో చెప్పి రాయించేది. ఒకరి భాష ఒకరికి రాదు. వారిరువురు మళ్లీ కలుసుకోలేదు.