సంతకం పెట్టే ముందు: ట్రాంపొలిన్ పార్కు కాగితం మీద ఒక పాఠం

కిందటి వేసవి సెలవులకు ముందు, మన సొసైటీ సాయంత్రం ట్యూషన్ పిల్లలను ఒక రోజు సరదాగా ఎక్కడికైనా తీసుకువెళ్లమని ఒక దాత సొమ్ము ఇచ్చారు. పేరు వేయవద్దన్నారు కనుక వేయడం లేదు. ఎక్కడికి వెళదామని పిల్లలనే అడిగాం. ముప్పై ఇద్దరూ ఒక్క గొంతుతో ట్రాంపొలిన్ పార్కు అన్నారు. వీళ్లలో ఎక్కువమంది తండ్రులు ఆటోనగర్ షెడ్లలో టింకరింగు, పెయింటింగు, వెల్డింగు, లారీ బాడీ కట్టే పనుల్లో ఉన్నవారు. కమాన్ పట్టీ విరిగితే లారీ ఏ పక్కకు ఒరుగుతుందో చెప్పగల పిల్లలు, స్ప్రింగుల మీద ఎగరడం మాత్రం ఫోన్లలోనే చూశారు. బస్సు మాట్లాడాం, బిర్యానీ పొట్లాలు కట్టించాం, బయలుదేరాం.

కౌంటర్ దగ్గర ఆగిపోయాం. టికెట్లకంటే ముందు ఫోన్‌తో ఒక కోడ్ స్కాన్ చేయమన్నారు. ఇంగ్లీషులో నాలుగు పేజీల పత్రం తెరుచుకుంది. చివర ఒక గడి, పక్కన "అంగీకరిస్తున్నాను" అన్న మాట. కౌంటర్లో కుర్రవాడు మర్యాదగానే చెప్పాడు: "ఫార్మాలిటీయేనండి మాస్టారూ. అందరి తరఫునా మీరొక్కరు టిక్ పెట్టేస్తే చాలు." వెనక ముప్పై రెండు జతల కళ్లు. ప్రశ్నపత్రం మొత్తం చదివాకే పెన్ను తీయండని ఏళ్ల తరబడి పిల్లలకు చెబుతున్నవాళ్లం, చదవకుండా ఎలా పెడతాం? పక్కకు వెళ్లి చదివాం.

ఇలాంటి పత్రాన్ని వెయివర్ అంటారు. మన మాటల్లో, హక్కు వదులుకునే కాగితం. ఒక్క కాగితంలా కనిపించినా అందులో వేరువేరు సంగతులు కలిసిపోయి ఉంటాయి. వాటిని విడదీయడమే ఈ పాఠంలో ముఖ్యమైన పని. మొదటిది, ఆటలో ప్రమాదం ఉందని మాకు తెలుసు అని ఒప్పుకోవడం. ఇందులో తప్పేమీ లేదు, ప్రమాదం నిజంగానే ఉంది. రెండోది, పిల్లవాడికి ఆస్తమా, మూర్ఛ, పాత ఎముక దెబ్బలు లేవని హామీ. ముప్పై రెండు మంది ఆరోగ్యం గురించి మేము ఎలా హామీ ఇస్తాం? మూడోది, దెబ్బ తగిలితే, అది పార్కువారి అజాగ్రత్త వల్లే అయినా సరే, ఏమీ అడగమని రాసివ్వడం. ఫోటోలు ప్రకటనలకు వాడుకోవచ్చన్న అనుమతి కూడా మధ్యలో ఎక్కడో దాగి ఉంది. అన్నిటికన్నా మమ్మల్ని ఆపినది ఇండెమ్నిటీ అన్న పేరా. ఈ పిల్లల తరఫున ఎవరైనా పార్కు మీద దావా వేస్తే, ఆ ఖర్చులూ పరిహారమూ సంతకం పెట్టినవారే భరిస్తారని దాని అర్థం.

దాతలు ఇక్కడ ఒక్క నిమిషం ఆగాలి. సొసైటీ పేరు రాసి మేము ఆ టిక్ పెట్టి ఉంటే, మీరు ఫీజులకనీ, వితంతువుల రేషన్‌కనీ ఇచ్చిన జకాత్, సదఖా సొమ్మును ఒక వ్యాపార సంస్థకు పూచీగా చూపినట్టే అయ్యేది. అది చివరికి కోర్టులో నిలుస్తుందా లేదా అన్నది తరువాతి మాట. నిలవదని తేల్చుకోవడానికి కూడా వకీలు ఫీజు మీ సొమ్ములోంచే కట్టాలి.

టిక్ పెట్టలేదు. పిల్లలను ఆర్కే బీచ్‌కు తీసుకువెళ్లి కురుసుర జలాంతర్గామి చూపించాం. బిర్యానీ ఇసుకలో తిన్నారు. చూసి ముచ్చటపడ్డారు కానీ, ఏడో తరగతి అబ్బాయి ఒకడు వారం రోజులు మాతో మాట్లాడలేదు. వాడి కోపం న్యాయమైనదే, కాగితం సంగతి మేము ముందే కనుక్కుని ఉండాల్సింది.

ఇక చట్టం ఏమంటుందో చూద్దాం. సంతకం పెడితే అంతా అయిపోయిందనుకునేవారు కొందరు, ఆ కాగితాలు దేనికీ పనికిరావనేవారు కొందరు. రెండు మాటలూ తప్పే. ఫోన్‌లో పెట్టిన టిక్ కూడా ఒప్పందమే, కాగితం మీద లేదు కదా అని తీసిపారేయడానికి లేదు. అయితే 1872 నాటి భారత ఒప్పందాల చట్టం 23వ సెక్షన్ ప్రకారం ప్రజాహితానికి విరుద్ధమైన ఒప్పందం చెల్లదు. మద్రాసులో ఒక లాండ్రీ రసీదు మీద, బట్ట పోతే విలువలో నూటికి పదిహేను వంతులే ఇస్తామని అచ్చు వేశారు. కొత్త చీర పోయింది. ఆ షరతు చెల్లదని మద్రాసు హైకోర్టు చెప్పింది. లిల్లీ వైట్ కేసుగా 1966 నుంచి న్యాయ విద్యార్థులు దాన్ని చదువుతూనే ఉన్నారు.

ఆటోనగర్ వాళ్లకు ఇంకా దగ్గరి ఉదాహరణ ఉంది. "బండి యజమాని బాధ్యతపైనే" అని అచ్చువేసిన పార్కింగ్ చీటీ మనలో చూడనివారు లేరు. 1998లో ఢిల్లీలోని తాజ్ మహల్ హోటల్లో తాళాలు సిబ్బందికి అప్పగించిన ఒక మారుతీ జెన్ కారు దొంగతనానికి గురైంది. చీటీ మీద ఆ మాట ఉంది. అయినా, తన సిబ్బంది అజాగ్రత్త నుంచి హోటల్ ఆ చీటీతో తప్పించుకోలేదని సుప్రీంకోర్టు 2019 నవంబరులో తీర్పు చెప్పింది. కారుకే ఇంత ఉంటే పిల్లవాడి కాలికి ఎంత ఉండాలి?

మైనర్ల సంగతి మరీ ప్రత్యేకం. పద్దెనిమిది నిండనివారు చేసుకున్న ఒప్పందం మొదటి నుంచీ చెల్లదని 1903లోనే మొహరీ బీబీ కేసులో ప్రివీ కౌన్సిల్ తేల్చింది. కనుక పిల్లవాడే టిక్ పెట్టుకుంటే దానికి విలువ లేదు. (ప్రోగ్రెస్ కార్డుల మీద నాన్న సంతకం తామే పెట్టుకొచ్చే పిల్లల్ని మేము ఎందర్నో చూశాం, అది వేరే పాఠం.) తల్లిదండ్రులు పెట్టినా, దెబ్బ తగలకముందే బిడ్డ హక్కును వదిలేసే అధికారం వారికి ఉందా? అమెరికాలో న్యూజెర్సీ సుప్రీంకోర్టు 2006లో, స్కేట్‌బోర్డు పార్కులో గాయపడిన పన్నెండేళ్ల బాలుడి కేసులో, లేదని చెప్పింది. అక్కడే ఇతర రాష్ట్రాల్లో వేరే తీర్పులున్నాయి. ఎడిసన్‌లో ఉన్న మన బంధువుల అనుభవం వేరే రాష్ట్రంలో పనికిరాకపోవచ్చు. బ్రిటన్‌లో వ్యాపారి తన అజాగ్రత్త వల్ల కలిగిన ప్రాణనష్టానికి, గాయానికి బాధ్యత లేదని రాయించుకోవడానికే వీల్లేదు.

మన దగ్గర 2019 వినియోగదారుల రక్షణ చట్టం ఉంది. టికెట్ సొమ్ము దాత ఇచ్చినా, ఆయన సమ్మతితో ఆ సేవ వాడుకున్న పిల్లవాడూ వినియోగదారుడే. వాడి తరఫున తల్లిగానీ తండ్రిగానీ మనం ఉంటున్న జిల్లా కమిషన్‌లోనే ఫిర్యాదు వేయవచ్చు, పార్కు హెడ్డాఫీసు ఏ ఊళ్లో ఉన్నా సరే. గడువు రెండేళ్లు. చెల్లించిన మొత్తం ఐదు లక్షల లోపు అయితే రుసుము లేదు. ఒప్పందమే అన్యాయమైనదని కొట్టివేయమని అడగాలంటే మాత్రం రాష్ట్ర కమిషన్‌కు వెళ్లాలి.

కానీ ఇదంతా పార్కు బాధ్యత. తీసుకువెళ్లినవారి మాటేమిటి? 2014 జూన్ 8న హైదరాబాదు విజ్ఞాన జ్యోతి ఇంజనీరింగ్ కళాశాల విద్యార్థులు విహారయాత్రలో హిమాచల్‌లోని బియాస్ నదిలో ఫోటోలు దిగుతుండగా, లార్జీ డ్యామ్ నుంచి వదిలిన నీళ్లలో ఇరవై నలుగురు కొట్టుకుపోయారు. ఒక్కొక్క కుటుంబానికి ఇరవై లక్షలు ఇవ్వాలని 2016 జనవరిలో హిమాచల్ హైకోర్టు చెప్పింది. అందులో అరవై శాతం విద్యుత్ బోర్డు, ముప్పై శాతం కళాశాల, పది శాతం రాష్ట్ర ప్రభుత్వం. నీళ్లు వదిలింది కళాశాల కాదు. పిల్లల్ని ఆ ఒడ్డుకు తీసుకువెళ్లింది మాత్రం కళాశాలే. ఆ ముప్పై శాతం అంకెను బాధ్యత గల ప్రతి ఉపాధ్యాయుడూ, ప్రతి సొసైటీ కార్యదర్శీ గుర్తుంచుకోవాలి. పార్కు కాగితంలో ఏం రాసి ఉన్నా మన వంతు జాగ్రత్త మన మీదే ఉంటుంది. అమానత్ అన్న మాటకు మనం చెప్పుకునే అర్థం కూడా ఇదే కదా. ఖుర్ఆన్‌లో అన్నిటికన్నా పొడవైన ఆయత్, అల్ బఖరా 282, అప్పు పత్రం రాసుకోవడం గురించినది. తాను చెప్పి రాయించుకోలేనివారి తరఫున సంరక్షకుడు న్యాయంగా చెప్పి రాయించాలని అందులో ఉంది. చదవకుండా టిక్ పెట్టే సంరక్షకుడు ఏం న్యాయం చేసినట్టు?

నెల తరువాత మళ్లీ ప్రయత్నించాం. ఈసారి ముందుగా పార్కుకు వెళ్లి పత్రం ప్రతి అడిగి తెచ్చుకున్నాం. సారాంశం తెలుగులో రెండు పేజీలు రాసి, ఉర్దూ చదివేవారికి ఉర్దూలో కూడా రాయించి, సాయంత్రాలు ఇళ్లకు తిరిగాం. ఒక తల్లి అంతా విని అడిగింది: "మాస్టారూ, అన్నీ బాగానే చెప్పారు. వాడి కాలు విరిగితే ఎవరు చూస్తారండీ? వాళ్ల అబ్బా షెడ్డుకెళ్లకపోతే ఆ రోజు కూలీ లేదు." ఈ ప్రశ్నకు మా దగ్గర జవాబు లేదు. సొసైటీ కమిటీలో పెట్టాం. గంటన్నర వాదన తరువాత, అదే దాత అనుమతితో ఆయన సొమ్ములోంచి ఒక రోజు గ్రూపు ప్రమాద బీమా తీసుకోవాలనీ, పిల్లలు ఇరవై మందికి మించకూడదనీ, ప్రతి ఐదుగురికీ ఒక పెద్దవారు ఉండాలనీ తీర్మానించాం. పార్కు మేనేజరుతో మాట్లాడి, ఇండెమ్నిటీ పేరానూ ఫోటోల పేరానూ కొట్టేసిన కాగితం మీద తల్లిదండ్రుల చేతనే సంతకాలు పెట్టించాం. అడిగితే కొట్టేస్తారని మాకు అప్పటిదాకా తెలియదు. ఆయన కూడా ఇదివరకు ఎవరూ అడగలేదన్నారు.

వెళ్లేముందు తరగతిలో ఒక పాఠం చెప్పాం. ఒకే పరుపు మీద ఇద్దరు ఎగిరితే బరువైనవాడు తొక్కిన శక్తి తేలికైనవాడి కాళ్లలోకి వస్తుంది, వాడు అనుకోనంత ఎత్తుకు, అనుకోని వేళకు ఎగిరిపడతాడు. ట్రాంపొలిన్ దెబ్బల్లో దాదాపు మూడు వంతులు ఇలా ఒకరికి మించి ఎగిరినప్పుడే తగులుతున్నాయని అమెరికా పిల్లల వైద్యుల సంఘం 2012లో రాసింది. దెబ్బ ఎక్కువగా చిన్నవాడికే తగులుతుంది. ఆరేళ్ల లోపువారిని అసలు ఎక్కించవద్దని కూడా వారి సలహా. చెప్పాల్సిన మాట ఒక్కటే, ఒక గడిలో ఒక్కరే.

ఇరవై మంది వెళ్లారు. పందొమ్మిది మంది నవ్వుతూ వచ్చారు. ఒకమ్మాయి మడమ బెణికింది, పక్క గడిలోంచి ఇంకో అమ్మాయి దూకడం వల్ల. సిబ్బంది ఐస్ పెట్టారు. సంఘటన రిజిస్టరులో రాయమన్నాం, ఆ పేజీ ఫోటో తీసుకున్నాం, ఎక్స్‌రే తీయించాం. ఎముకకు ఏమీ కాలేదు, నాలుగు రోజుల్లో బడికి వచ్చింది. ఆసుపత్రి బిల్లు, బీమా కాగితం, తెలుగు సారాంశం ప్రతి సొసైటీ ఆఫీసులో ఒకే ఫైలులో ఉన్నాయి. మీ పిల్లల బడివారు ఇలాంటి యాత్రకు కాగితం పంపితే, ఆ సారాంశం తీసుకువెళ్లి పక్కన పెట్టుకుని చదువుకోవచ్చు. సాయంత్రం మగ్రిబ్ తరువాత ఆఫీసు తెరిచే ఉంటుంది. కాలు విరిగితే ఎవరు చూస్తారని అడిగిన తల్లి మాత్రం తన కొడుకును ఈసారీ పంపలేదు. మేమూ బలవంతం చేయలేదు.