రేడియో ఆగిందా? ముందు మీరు ఆగండి

పొద్దున్నే ఫోన్‌లో ఆకాశవాణి పెట్టుకుని వంటగట్టు మీద ఉంచారు. పోపు వేగేలోపే పాట తెగిపోయింది. చాలామంది ఏం చేస్తారు? ప్లే బటన్‌ను పదిసార్లు పొడుస్తారు, యాప్‌ను తిట్టి తీసేస్తారు. ఎలుకలున్నాయని ఇల్లు తగలబెట్టుకోవడమే ఇది. మళ్లీ ఎక్కించుకున్నా ఆగిపోయే జబ్బు అలాగే ఉంటుంది, దాచుకున్న స్టేషన్లే పోతాయి.

కోపం అన్నింటినీ ఒకేసారి మార్చేయమంటుంది. అలా మార్చాక రేడియో పలికినా ఎందుకు పలికిందో తెలియదు. అందుకే ఒకసారికి ఒక్కటే మార్చి చూడండి. మొదట స్టేషన్. వివిధ భారతి పాడుతూ మీ స్టేషన్ ఒక్కటే మూగబోతే లోపం ఆ ప్రసారానిది. ఫోన్ జోలికి పోకుండా కాసేపు వదిలేయండి. ఏదీ పలకడం లేదా? వైఫై ఆపి మొబైల్ డేటా పెట్టండి. అప్పుడు పలికితే చూడాల్సింది ఇంట్లోని వైఫైని. డేటా అయిపోతుందన్న బెంగ వద్దు. 64 కేబీపీఎస్ ప్రసారానికి గంటకు ఖర్చయ్యేది దాదాపు 29 ఎంబీ. వీడియోల ముందు అది చిల్లర.

ఎక్కువమందిని విసిగించే తంటా వేరే ఉంది. స్క్రీన్ వెలిగినంతసేపూ పాట బాగానే వస్తుంది, ఆరిన కాసేపటికి ఆగిపోతుంది. నెట్ బాగుంది, యాప్ బాగుంది. మరి? స్క్రీన్ ఆరింది కాబట్టి ఈ యాప్‌తో ఇక పని లేదనుకుని, బ్యాటరీ మిగల్చాలని ఫోనే దాన్ని ఆపేస్తుంది. అడగని పొదుపు! ఆండ్రాయిడ్ ఫోన్‌లో సెట్టింగ్స్, యాప్స్‌లోకి వెళ్లి, రేడియో యాప్ పేరు నొక్కి, బ్యాటరీ దగ్గర ‘అన్‌రిస్ట్రిక్టెడ్’ ఎంచుకోండి. కొన్ని ఫోన్లలో ఈ పేర్లు కాస్త వేరుగా ఉంటాయి. డేటా సేవర్ వేసి ఉంటే దానిలోనూ ఈ యాప్‌కు మినహాయింపు ఇవ్వండి. బ్యాటరీ కొంచెం త్వరగా దిగుతుంది. పాట కావాలంటే ఆ మాత్రం తప్పదు.

యాప్ మొరాయిస్తుంటే ‘క్లియర్ క్యాష్’ నొక్కవచ్చు, నష్టం లేదు. పక్కనే ఉండే ‘క్లియర్ డేటా’ నొక్కితే మాత్రం దాచుకున్నవన్నీ పోతాయి. తొందరలో వేలు దాని మీదే పడుతుంది, జాగ్రత్త. పాట నడుస్తున్నట్టు కనిపిస్తూ శబ్దం రాకపోతే బ్లూటూత్ చూడండి. పడగ్గదిలో స్పీకర్ పాడుతూ ఉండవచ్చు.

కొన్ని లోపాలే కావు. పక్కింటి రేడియోలో వికెట్ పడిన కాసేపటికి మీ ఫోన్‌లో పడుతుంది. తెగకుండా వినిపించడానికి యాప్ కొంత శబ్దాన్ని ముందే నింపుకుంటుంది, ఆలస్యం అందుకే. ఫోన్ రేడియోలో చెప్పే సమయం విని గడియారం సరిచేసుకోకండి. డాలస్‌లో ఉన్న మీ అమ్మాయికి పొద్దుటి కార్యక్రమం దొరకడం లేదంటే అదీ యాప్ తప్పు కాదు. ఇక్కడ ఉదయం 7 గంటలంటే వేసవిలో అక్కడ ముందురోజు రాత్రి 8:30.

సాయం అడగడానికీ పద్ధతుంది. “ఒరేయ్, రేడియో పని చేయట్లేదురా” అంటే ఊళ్లో లేని కొడుకు ఏం చేయగలడు? “వైఫైలో ఉంది, అన్ని స్టేషన్లూ వస్తున్నాయి, స్క్రీన్ ఆరితే ఆగిపోతోంది” అనండి. సగం పని అయిపోయినట్టే. ఇవన్నీ చూశాక కూడా పలకకపోతే అప్పుడు తీసేసి మళ్లీ ఎక్కించండి. దానికి ముందు మీ స్టేషన్ల పేర్లు ఒక కాగితం మీద రాసుకోండి.