కత్తి మీద గీత: జపాన్ హమోన్, తెలంగాణ ఉక్కు

జపాన్ కత్తి ఫోటోని జూమ్ చేసి చూడండి. అంచు పక్కనే పొడవునా తెల్లటి గీత ఒకటి కనబడుతుంది. కొన్ని కత్తుల మీద అది తిన్నగా ఉంటుంది, కొన్నిటి మీద అలల్లా ఎగసి పడుతూ ఉంటుంది. యానిమేలు చూసేవాళ్ళు దాన్ని డిజైన్ కోసం వేసిన బొమ్మ అనుకుంటారు. అది బొమ్మా కాదు, పెయింటూ కాదు, చెక్కిందీ కాదు. ఆ కత్తిని నిప్పులోంచి తీసి నీళ్ళలో ముంచిన కొన్ని సెకన్లలో లోహం లోపల ఏం జరిగిందో చెప్పే రికార్డు అది. జపాన్‌లో దాన్ని 'హమోన్' అంటారు. 'హ' అంటే కత్తి అంచు, 'మోన్' అంటే నమూనా.

ఇది చదువుతూ పోతే చివరికి మన వైపే వచ్చాను. కత్తి మీద కనిపించే నమూనాల్లో ప్రపంచమంతా పేరు పడ్డ రెండో రకం ఉంది. దానికి కావలసిన ఉక్కు తెలంగాణ పల్లెల్లో తయారయ్యేది. ఆ కథలోకి వెళ్ళే ముందు కొంచెం సైన్స్ చూద్దాం.

ఒకటే ఉక్కు, రెండు స్వభావాలు

ఉక్కు అంటే ఇనుము, అందులో కొంచెం కార్బన్. దాన్ని 727 డిగ్రీల సెల్సియస్ దాటించి వేడి చేస్తే ఇనుము అణువుల అమరిక మారిపోతుంది. ఆ కొత్త అమరికలో కార్బన్ హాయిగా కరిగి కూర్చుంటుంది. ఈ స్థితి పేరు ఆస్టెనైట్.

ఇక్కడి నుంచి అంతా టైమ్ మీదే ఆధారపడి ఉంటుంది. మెల్లగా చల్లారనిస్తే కార్బన్‌కి బయటికి వచ్చే టైమ్ దొరుకుతుంది. ఇనుము ఒక పొర, ఐరన్ కార్బైడ్ ఒక పొర, ఇలా సన్నటి పొరలుగా సర్దుకుంటుంది. అది పెర్లైట్. మెత్తగా ఉంటుంది, వంగుతుంది, తొందరగా విరగదు. అదే ఉక్కుని గబుక్కున నీళ్ళలో ముంచితే కార్బన్‌కి బయటికి వచ్చే టైమ్ ఉండదు. లోపలే ఇరుక్కుపోయి అణువుల అమరికని సాగదీస్తుంది. అది మార్టెన్‌సైట్. చాలా గట్టిది, కానీ పెళుసు.

కత్తికి ఈ రెండూ కావాలి. అంచు గట్టిగా లేకపోతే పదును నిలవదు. వెనక భాగం మెత్తగా లేకపోతే మొదటి దెబ్బకే విరుగుతుంది. ఒకే ముక్కలో రెండు స్వభావాలు తేవడం ఎలా అన్నదే అసలు ప్రాబ్లమ్.

మట్టి పూతతో సొల్యూషన్

జపాన్ కమ్మరుల సొల్యూషన్ మట్టి. బంకమట్టి, బొగ్గు పొడి, సానరాయి పొడి కలిపి కత్తికి పూస్తారు. వెనక వైపు మందంగా, అంచు వైపు పల్చగా. ఆరాక కొలిమిలో కాల్చి నీళ్ళలో ముంచుతారు. పల్చటి పూత ఉన్న అంచు వెంటనే చల్లారి మార్టెన్‌సైట్ అవుతుంది. మందపాటి పూత కింద ఉన్న వెనక భాగం నిదానంగా చల్లారి పెర్లైట్ అవుతుంది. ఈ రెండు ప్రాంతాల మధ్య సరిహద్దే హమోన్. తర్వాత సాన పట్టేవాళ్ళు రోజుల తరబడి పని చేస్తేనే అది బయటికి కనబడుతుంది.

ఈ పనిని చీకట్లో చేస్తారు. అప్పట్లో థర్మామీటర్ లేదు కదా, కాలిన ఉక్కు రంగే కొలత. వెలుతురులో రంగు సరిగ్గా తెలియదు.

ఇంకో విశేషం. మార్టెన్‌సైట్ అయినప్పుడు ఉక్కు ఉబ్బుతుంది. నీళ్ళలో పడగానే అంచు ముందు ముడుచుకుని కత్తి కిందికి వంగుతుంది, తర్వాత అంచు ఉబ్బి పైకి వంగుతుంది. ఆ కత్తికి ఉండే అందమైన వంపులో కొంత భాగం ఇలా నీళ్ళలోనే పుడుతుంది. లెక్క తప్పితే పగులూ అక్కడే వస్తుంది. నెలల పని ఆ క్షణంలో పోవచ్చు.

గీతల్లో చాలా రకాలున్నాయి. తిన్నటి గీత 'సుగుహ'. మెల్లటి అలలా ఉంటే 'నోతారె'. లవంగ మొగ్గల వరసలా ఉంటే 'చోజి'. మూడేసి దేవదారు చెట్లు పక్కపక్కన నిలబడ్డట్టు ఉంటే 'సన్‌బొన్‌సుగి'. ఇవి అందం కోసం మాత్రమే కాదు. మట్టితో అంచు దాకా సన్నటి గీతలు గీస్తే ఆ చోట్ల మెత్తటి ఉక్కు అంచులోకి దిగుతుంది. వీటిని 'అషి' అంటారు, అంటే కాళ్ళు. అంచుకి ఎక్కడైనా పెచ్చు ఊడినా ఆ నష్టం తర్వాతి కాలు దగ్గర ఆగిపోతుంది. మన భాషలో చెప్పాలంటే ఎర్రర్ ఒక బ్లాకులోనే ఆగేలా కోడ్ రాయడం అన్నమాట.

ఇంగ్లీషులో దీన్ని టెంపర్ లైన్ అని కూడా అంటారు. నిజానికి ఆ పేరు సరిపోదు. టెంపరింగ్ అంటే ముంచిన తర్వాత మళ్ళీ కొంచెం వేడి చేసి పెళుసుదనం తగ్గించడం. ఈ గీత పుట్టేది అంతకు ముందే, ముంచేటప్పుడు.

మన వైపు: కోనసముద్రం

ఇప్పుడు రెండో రకం. పర్షియా, టర్కీ, మొఘల్ కత్తుల మీద ఒడ్డున నీళ్ళు కదులుతున్నట్టు సన్నటి నమూనా కనబడుతుంది. ఇది అంచు దగ్గరే కాదు, కత్తి నిండా ఉంటుంది. పర్షియన్‌లో దీన్ని 'జౌహర్' అంటారు. యూరప్ వాళ్ళు డమాస్కస్ ఉక్కు అన్నారు. ముడి ఉక్కు మాత్రం దక్షిణ భారతం నుంచి, శ్రీలంక నుంచి వెళ్ళేది. 17వ శతాబ్దంలో గోల్కొండ రాజ్యానికి వచ్చిన ఫ్రెంచి వజ్రాల వ్యాపారి తవెర్నియే, ఇలాంటి నమూనా తేలే ఉక్కు గోల్కొండ నుంచే వస్తుందని రాశాడు.

ఆ ఉక్కు తయారైన ఊళ్ళలో బాగా పేరున్నది నిజామాబాద్ జిల్లా కోనసముద్రం. దగ్గర్లో ఇంకో ఊరి పేరు కమ్మర్‌పల్లి. లాంబ్టన్ సర్వేలో డాక్టరుగా, జియాలజిస్టుగా పనిచేసిన హెన్రీ వాయిసీ కోనసముద్రం వెళ్ళి చూసినదంతా రాసి పెట్టాడు. ఆయన 1824లో చనిపోయాడు. ఆ రాత 1832లో అచ్చయింది. ఉక్కు కొనడానికి ఇస్ఫహాన్ నుంచి వచ్చిన పర్షియా వ్యాపారి ఆయనకి ఆ ఊళ్ళోనే కనిపించాడు. మన ఏలూరు తివాచీల పని పర్షియా నుంచి వచ్చినవాళ్ళు నేర్పిందే అంటారు కదా. అంటే ఆ దేశంతో రాకపోకలు రెండు వైపులా ఉన్నాయి. నేత ఇటు వచ్చింది, ఉక్కు అటు వెళ్ళింది. దక్కన్ సరుకు ఓడ ఎక్కిన పెద్ద రేవుల్లో ఒకటి మచిలీపట్నం, మనకి బస్సులో రెండు గంటలు.

పద్ధతి ఇది. వరి ఊక కలిపిన మట్టితో మూసలు చేసేవారు. రెండు వేర్వేరు ఊళ్ళ ఇనుము తగిన పాళ్ళలో కలిపి మూసలో పెట్టి, మూత వేసి మట్టితో మూసేసి, తిత్తులతో రోజంతా ఊదేవారు. లోపల ఇనుము కార్బన్ పీల్చుకుని కరుగుతుంది. కొలిమి నిదానంగా చల్లారాక మూస పగలగొడితే అరచేతిలో పట్టే ఉక్కు ముద్ద వస్తుంది. దానికి మళ్ళీ మట్టి పూసి గంటల తరబడి కాల్చి మెత్తబరిచేవారు, అదీ ఒకసారి కాదు, మూడు నాలుగుసార్లు. అప్పుడే సుత్తి దెబ్బకి పగలకుండా సాగుతుంది.

ఇక్కడ కార్బన్ 1.5 శాతం దగ్గర్లో ఉంటుంది, ఇది చాలా ఎక్కువ. ముద్ద నిదానంగా గట్టిపడేటప్పుడు ఖనిజంలోంచి వచ్చిన వనేడియం లాంటి మూలకాలు, అతి కొద్ది మోతాదులో, కొన్ని వరసల్లో పోగవుతాయి. తక్కువ వేడిలో మళ్ళీ మళ్ళీ సాగగొట్టినప్పుడు కార్బైడ్ రేణువులు ఆ వరసల్లోనే పెరుగుతాయి. చివర్లో యాసిడ్ లాంటిది రాస్తే ఇనుము నల్లబడి కార్బైడ్ వరసలు తెల్లగా తేలతాయి. అమెరికాలో వెర్హోవెన్ అనే ప్రొఫెసరు, పెండ్రే అనే కమ్మరి కలిసి ఇది చేసి చూపించారు. 1998లో వాళ్ళు పబ్లిష్ చేసిన పేపర్లో వనేడియం పాత్ర వివరంగా ఉంది.

తేడా గమనించండి. హమోన్ చెప్పేది ముంచిన కొన్ని సెకన్ల కథ. జౌహర్ చెప్పేది ఖనిజం దగ్గర నుంచి చివరి సుత్తి దెబ్బ దాకా మొత్తం కథ. రెండూ లాగ్ ఫైళ్ళే, రికార్డు చేసింది మాత్రం వేరు వేరు స్టేజీలు.

ఫార్వర్డ్ మెసేజీల సంగతి

2006లో జర్మనీ శాస్త్రవేత్తలు 17వ శతాబ్దపు డమాస్కస్ కత్తిలో కార్బన్ నానోట్యూబులు ఉన్నాయని నేచర్ పత్రికలో రాశారు. అప్పటి నుంచి 'మన పూర్వీకులకి నానోటెక్నాలజీ తెలుసు' అనే మెసేజ్ తిరుగుతూనే ఉంది. ఇది గొప్ప చెప్పినట్టు ఉంటుంది కానీ నిజానికి వాళ్ళ గొప్పదనాన్ని తగ్గిస్తుంది. వాళ్ళకి నానోట్యూబు తెలియదు, కార్బన్ శాతం తెలియదు. ఏ రెండు ఊళ్ళ ఇనుము కలపాలో, ఏ రంగు దగ్గర ఆపాలో, ఎన్నిసార్లు మెత్తబరచాలో తెలుసు. తరాల పాటు టెస్ట్ చేసి సంపాదించిన జ్ఞానం అది. మనం పొగడాల్సింది దాన్ని.

యూరప్ శాస్త్రవేత్తలు ఈ ఉక్కుని 'వూట్జ్' అన్నారు. 1795లో లండన్ రాయల్ సొసైటీలో పియర్సన్ దీని మీద పేపర్ చదివాడు. కమ్మరి కొడుకైన మైకేల్ ఫారడే కూడా 1819లో దీన్ని విశ్లేషించాడు. ఆ పదం కన్నడలో, తెలుగులో ఉన్న 'ఉక్కు' నుంచే వచ్చిందని చాలామంది పండితుల మాట. విశాఖ ఉక్కు అని మనం నినాదాల్లో పలికే అదే ఉక్కు.

సోర్స్ కోడ్ ఏమైంది?

1876లో జపాన్ ప్రభుత్వం బయట కత్తి ధరించడాన్ని నిషేధించింది. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత తయారీ కూడా ఆగింది. అయినా 1953 నుంచి లైసెన్సుతో మళ్ళీ మొదలుపెట్టారు. 1977లో షిమానె ప్రాంతంలో ఇనుప ఇసుకని కరిగించే పాత పద్ధతి కొలిమిని మళ్ళీ వెలిగించారు. ఈ రోజుకీ కొత్తవాళ్ళు గురువు దగ్గర ఏళ్ళ తరబడి ఉండి నేర్చుకుంటున్నారు.

కోనసముద్రానికి అలాంటి అదృష్టం లేదు. తుపాకులొచ్చి కత్తులు కొనేవాళ్ళు తగ్గారు. 1856లో బెస్సెమర్ పద్ధతి వచ్చాక ఉక్కు టన్నుల్లో చౌకగా తయారైంది. మూసల్లో ముద్ద ముద్దగా చేసేవాళ్ళకి కొలిమి గిట్టుబాటు కాలేదు. మనకి మిగిలింది బైనరీ ఫైళ్ళే, అంటే మ్యూజియంలో కత్తులు, పొలాల్లో చిట్టెం కుప్పలు, పగిలిన మూస ముక్కలు. సోర్స్ కోడ్ కమ్మరుల చేతుల్లో ఉండేది, వాళ్ళతోనే పోయింది. ఊరి మనుషులెవరూ రాసుకోలేదు, రాసింది అటుగా వచ్చిన పరాయి డాక్టరు. వెర్హోవెన్, పెండ్రే చేసింది రివర్స్ ఇంజనీరింగ్. ఉత్తర తెలంగాణలో పరిశోధకులు ఊరూరా తిరిగి చిట్టెం కుప్పల్ని నమోదు చేస్తున్నది కూడా అందుకే.

ఇదే కథ ఇప్పుడు చిన్న సైజులో మన చుట్టూ నడుస్తోంది. ఫస్టియర్ వర్క్‌షాప్‌లో స్మితీ ట్రేడ్ అందరం చేశాం, ఎస్ హుక్ వంచి రికార్డు రాసి మార్కులు తెచ్చుకున్నాం. మార్టెన్‌సైట్ అంటే ఎవరైనా చెప్తారు. దాగలి, సమ్మెట, పట్టకారు, కొలిమితిత్తి, కక్కు కొడవలి అంటే నాతో సహా ఇంగ్లీషు మీడియం బ్యాచ్ సగం మంది ఫోన్ తీస్తారు. వరికోత మెషీన్లు వచ్చాక కొల్లేరు పక్క ఊళ్ళలో కొడవలికి కక్కులు పెట్టే కమ్మరికి పని తగ్గింది. ఆయన కొడవలి అంచు ఏ రంగులో ఉన్నప్పుడు ముంచుతాడో, ఎంత లోతు ముంచుతాడో ఎక్కడా రాసి లేదు.

కాబట్టి చిన్న హోమ్‌వర్క్. సెలవులకి ఊరెళ్ళినప్పుడు కొలిమి ఇంకా వెలుగుతుంటే ఆ కమ్మరి బాబాయినో తాతనో అడిగి, ముంచే పద్ధతి ఆయన మాటల్లోనే రాసుకోండి. వీలైతే వీడియో తీయండి, మ్యాగజైన్‌కి పంపండి. హైదరాబాద్ వెళ్తే సాలార్ జంగ్ మ్యూజియం ఆయుధాల గదిలో కత్తుల మీద నీటి అలల నమూనా వెతకండి. ఆన్‌లైన్‌లో 'డమాస్కస్' అని అమ్మే వంటింటి కత్తుల్లో ఎక్కువ వేరే రకం. రెండు మూడు రకాల ఉక్కు పొరలు అతికించి చేసినవి కొన్ని, ఉత్త పైపైన గీతలు అచ్చేసినవి కొన్ని. అచ్చేసిన గీత గరుకు కాగితంతో రుద్దితే పోతుంది. అసలు నమూనా కూడా రుద్దితే మసకబారుతుంది, కానీ యాసిడ్ రాస్తే మళ్ళీ తేలుతుంది. ఎందుకంటే అది పైన లేదు, ఉక్కు లోపల ఉంది.