మిగిలినదానినిబట్టి కొలత

ధనము పాపమని పరిశుద్ధ గ్రంథము బోధించుచున్నదని మన విద్యార్థులలో అనేకులు తలంచుచుందురు. అది సరికాదు. తిమోతికి వ్రాసిన మొదటి పత్రిక 6వ అధ్యాయములో అపొస్తలుడైన పౌలు కీడులకు మూలమని చెప్పినది ధనమును కాదు, ధనముమీది ఆశను. ధనముండునది చేతిలో, ఆశ యుండునది హృదయములో. చేతిలో దమ్మిడీయైనను లేనివానికిని ఆ యాశ యుండవచ్చును. కనుక ఈ పాఠము ధనికులకు మాత్రమే గాక మనకందఱకును చెందినది.

లోభి యెట్టివాడు? లూకా సువార్త 12వ అధ్యాయములోని ధనవంతుని చూడుడు. అతడు దొంగయని గాని, కూలివాండ్రను మోసగించెనని గాని ప్రభువు చెప్పలేదు. అతని భూమి బాగుగ పండెను; అంతియే. అయితే అతడు తనలో తానే ఆలోచించుకొనెను. పంటయు, కొట్లును, ప్రాణమును తనవే యనుకొనెను. ఆ రాత్రియే ఆ ప్రాణము అడుగబడెను. పరుల సొమ్ము నపహరించుట మాత్రమే లోభము కాదు. నా సొమ్ములో పరులకు భాగము లేదనుకొనుటయు లోభమే.

ఔదార్యమును కొలుచు విధమును మార్కు సువార్త 12వ అధ్యాయము నేర్పుచున్నది. యెరూషలేము దేవాలయపు కానుకపెట్టెలో ధనవంతులు విస్తారముగ వేసిరి. బీద విధవరాలు రెండు కాసులు వేసెను. మన లెక్కల పుస్తకముప్రకారము ధనికుల కానుకయే పెద్దది. ప్రభువు వేఱొక లెక్క చేసెను. పెట్టెలో పడినది గాక, ఇచ్చినవారికి మిగిలినది యెంతయని చూచెను. వారికి చాల మిగిలెను. ఆమెకు ఏమియు మిగులలేదు.

ఈ లెక్కను తన జీవితమందు చేసి చూపినవారిలో ఇంగ్లండుదేశపు బోధకుడైన జాన్ వెస్లీ యొకడు. ఆయన 1703లో జన్మించెను. తండ్రి బోధకుడైనను అప్పులపాలై 1705లో చెఱసాలలో నుండవలసివచ్చెను. కావున పేదఱిక మెట్టిదో వెస్లీ యింటనే యెఱిగెను.

ఆయన ఆక్స్ఫర్డులో నుండిన దినములలో ఒక చలికాలమున, తాను తన స్నేహితులతో కలిసి చదువు చెప్పించుచుండిన బీద బాలికలలో ఒకతె ఆయనయొద్దకు వచ్చెను. పలుచని నారబట్ట తప్ప ఆమెకు వేఱు వస్త్రము లేదు. వెస్లీ జేబులో చేయి పెట్టిచూడగా ఇచ్చుటకు తగిన సొమ్ము లేకపోయెను. తన గది గోడలను పటములతో అలంకరించుటకు వ్యయపఱచియుండెను. గోడలకు చేసిన శృంగారము ఆ బాలికకు చలి తీర్చగల సొమ్మేగదా యని ఆయన మనస్సు నొచ్చెను. ముసలితనమందు సయితము ఆ సంగతిని ప్రసంగములో చెప్పుకొనెను.

తొలి మెథడిస్టులలో ఒకని ఆదాయవ్యయములను వెస్లీ వేఱొక ప్రసంగములో తెలిపెను. ఆ యొకడు వెస్లీయే యని సాధారణముగ తలంపబడుచున్నది. లెక్క పౌనులలో ఇట్లున్నది:

మొదటి యేడు: రాబడి 30, వ్యయము 28, దానము 2.
రెండవ యేడు: రాబడి 60, వ్యయము 28, దానము 32.
మూడవ యేడు: రాబడి 90, వ్యయము 28, దానము 62.
నాలుగవ యేడు: రాబడి 120, వ్యయము 28, దానము 92.

రాబడి నాలుగింతలైనను వ్యయము కదలలేదు. మనలో సాధారణముగ జరుగునది దీనికి విరుద్ధము. రాబడి పెరిగినకొలది అవసరములు పెరుగును. దానము మాత్రము మొదటి యేటనే నిలిచిపోవును.

1760లో ప్రచురింపబడిన ప్రసంగములో వెస్లీ మూడు సూత్రములు బోధించెను: న్యాయముగ సంపాదింపుము, దుబారా చేయక మిగుల్చుము, మిగిలినదానిని ఇమ్ము. సంపాదనలో తన దేహమునకు గాని, ఆత్మకు గాని, పొరుగువానికి గాని హాని చేయరాదనెను. సారాయి వర్తకమును గట్టిగ ఖండించెను. తరువాత ఆయనను అనుసరించినవారు కష్టించి పనిచేసి, తాగుడు మాని, ధనవంతులైరి. మొదటి రెండు సూత్రములను పట్టుకొని మూడవదానిని విడిచితిరని ఆయన తన చివరి సంవత్సరములలో దుఃఖించెను. 1791లో ఆయన మరణించెను.

ఇచ్చట తల్లిదండ్రులొక ప్రశ్న వేయవచ్చును: పిల్లలుగలవాడు ఒంటరివానివలె జీవింపగలడా? జీవింపనక్కఱలేదు. మొదట మనకును మన కుటుంబమునకును కావలసినది చూచుకొనుమనియే వెస్లీ బోధించెను. అప్పులు తీర్చుటయు న్యాయమే. లూకా సువార్త 19వ అధ్యాయములో జక్కయ్య సగము ఆస్తి బీదల కిచ్చెదననుటతో నిలువక, అన్యాయముగ తీసికొనినదానికి నాలుగింతలు మరల చెల్లించెదననెను. ఒకరికి బాకీపడి మఱియొకరికి దానము చేయుట ఔదార్యము కాదు. అయితే అవసరమునకు హద్దు ఎవరు గీయవలెను? మనము గీయనిచో ఆశ దానిని ప్రతి సంవత్సరము ముందునకు జరుపుచునేయుండును.

మన సంఘములలో కొన్నిటియందు గృహిణులు వంటకు బియ్యము కొలుచునపుడే దేవునికని ఒక పిడికెడు వేఱుగ తీసియుంచు ఆచారము కలదు. వారు భోజనమైన తరువాత మిగిలిన అన్నమును తీయరు. పొయ్యిమీద ఎసరు కాగుచుండగనే బియ్యము తీయుదురు. గొప్ప ప్రసంగములో నేర్చుకొనదగిన పాఠము ఆ చిన్న కుండలో నున్నది.

విద్యార్థులారా, మీరు కొలదికాలములో జీతములు తెచ్చుకొందురు. “జీతము పెరిగిన తరువాత ఇచ్చెదను” అను మాట అప్పుడు మీ మనస్సులో పుట్టును. అది మంచి మాటవలె వినబడును గాని, లోభము మాటలాడు తియ్యని భాష అదియే. మొదటి జీతమునాడే మీ హద్దు గీయుడు. మొదటి పిడికెడు తీయుడు.

ఆలోచింపవలసిన ప్రశ్నలు
1. ధనమునకును ధనాశకును భేదమేమి?
2. విధవరాలి కానుక యే లెక్కనుబట్టి పెద్దదాయెను?
3. ఈ వారము మీరు కొనదలచినవానిలో, వెస్లీ గోడమీది పటములవంటిది ఏది?