ఆట చూడబోవు మనుమరాలికి

చెరుకుపల్లి,
బాపట్ల జిల్లా.

చిరంజీవి మనుమరాలికి తాతయ్య ఆశీర్వదించి వ్రాయునది.

నీవు వ్రాసిన ఉత్తరము చేరినది. మామ్మ దానిని నాచేత మరల మరల చదివించుకొని విన్నది. డల్లాసు నగరమున మావెరిక్స్ జట్టునకును సాన్ ఆంటోనియో స్పర్స్ జట్టునకును జరుగబోవు బాస్కెట్‌బాల్ ఆటకు నీవును నీ స్నేహితురాండ్రును టికెట్లు కొన్నారనియు, జెర్సీ లేనిదే ఆ మందిరమున అడుగిడరాదని ఒకతె చెప్పుచుండగా, ఏది తొడుగుకొన్నను అడుగువారుండరని వేరొకతె వాదించుచున్నదనియు, ఇచ్చటినుండి తీసికొనిపోయిన నీలపు మంగళగిరి కుర్తీని వేసికొన్నచో నలుగురిలో నగుబాటగునేమోయని నీవు శంకించుచున్నావనియు తెలిసికొంటిని. ఇంత స్వల్పవిషయమునకు తాతయ్యను శ్రమపెట్టుచున్నందుకు మన్నింపుమని చివర వ్రాసితివి. తల్లీ, ఉద్యోగకాలమంతయు పాఠశాలలలో పిల్లలచేత ఆటలాడించి, ఆటగాండ్రను చూచినంత శ్రద్ధతోనే ఆ ఆటల చుట్టును గుమిగూడిన జనమునుగూడ చూచిన వ్యాయామోపాధ్యాయునకు ఇది స్వల్పవిషయమెట్లగును?

ప్రేక్షకుడు ధరించు వస్త్రము ఆటలో భాగమే యని నా దృఢవిశ్వాసము. సినిమాకు పోయినవాడు చీకటిలో కూర్చుండును. అతడేమి కట్టుకొనెనో తెరమీది నటునకు తెలియదు, తెలియవలసిన పనియు లేదు. ఆటస్థలమున సంగతి వేరు. ఫ్రీ త్రో వేయుటకై బంతిని చేతబట్టి గీతవద్ద నిలిచిన ఆటగాడు తలయెత్తినంతనే, పదియడుగుల యెత్తున నున్న ఆ బుట్టకు వెనుక, వరుసలు వరుసలుగా కూర్చున్న మనుష్యులే అతనికి కనిపింతురు. ఆ వరుసలు తన జట్టు రంగుతో నిండియున్నచో గుండె నిబ్బరము కలుగుటయు, ఎదుటివారి రంగుతో నిండియున్నచో చేయి తొట్రుపడుటయు ఆరుంబాక, గూడవల్లి, కావూరు మొదలైన మన చుట్టుపట్ల గ్రామములలో సంక్రాంతికి జరుగు పందెములలోనే నేను చూచినాను; అంతటి మహామందిరమున ఆ ప్రభావము ఎంతటిదో ఊహింపవచ్చును. మయామీ నగరవాసులకు ఈ మర్మము బాగుగా తెలియును. 2006వ సంవత్సరపు తుది పోటీల కాలమున వారు తమ జట్టునకు అండగా తెల్లని వస్త్రములనే ధరించి మందిరమునంతయు తెలుపుతో ముంచివేసిరి. ఆ యేట వారి జట్టు ఓడించి కిరీటము గెలుచుకొన్నది మీ డల్లాసు జట్టునే. ఆ ఋణమును డల్లాసువారు 2011లో అదే మయామీ జట్టును గెలిచి తీర్చుకొనిరి.

అమెరికావారి వాణిజ్యము పెరిగిన పిదపనే ఈ రంగుల పిచ్చి పుట్టినదని మీ నాన్న అనుచుండును. ఆ మాట సరికాదు. ఈ ఆటకును ప్రేక్షకుల రంగులకును ఉన్న పొత్తు ఇంచుమించు ఆట వయస్సంతటిది. 1891 డిసెంబరులో స్ప్రింగ్‌ఫీల్డు పట్టణపు వై.ఎం.సి.ఏ. శిక్షణాలయమున జేమ్స్ నైస్మిత్ అను ఉపాధ్యాయుడు, చలికాలమున బయట ఆడలేక విసిగిపోయిన తన విద్యార్థులకొరకు పీచుపండ్ల బుట్టలను పైన కొట్టించి, పదుమూడు నియమములు వ్రాసి ఈ యాటను కల్పించెను. మరుసటి సంవత్సరమే సెండా బెరెన్సన్ అను ఉపాధ్యాయిని దీనిని స్మిత్ మహిళా కళాశాలకు కొనిపోయినది. 1893 మార్చిలో అచ్చటి రెండు తరగతుల బాలికలు పందెమాడిన దినమున పురుషులను లోనికి రానీయలేదు. చూడవచ్చిన విద్యార్థినులు తమ తమ తరగతుల రంగులను అలంకరించుకొని ఉత్సాహముతో పాటలు పాడిరి. జెర్సీలమ్ము అంగడులు పుట్టకమునుపే, ఎవరి ఆజ్ఞయు లేకయే, ఆ బాలికలు ఏ రంగు ధరింపవలెనో తమంతట తామే నిశ్చయించుకొనిరి. నీవును ఆ సంప్రదాయమునకు చెందినదానవే. మన దేశమునకు కూడ ఈ విద్య ఆ వై.ఎం.సి.ఏ. మార్గముననే వ్యాపించినది, 1920లో హ్యారీ క్రో బక్ అను అమెరికా దేశీయుడు మద్రాసున నెలకొల్పిన వ్యాయామ కళాశాలలో చదివి వచ్చిన గురువులే మా తరమువారిచేత మొదటిసారి బంతి పట్టించిరి.

ఒకే తీరు వేషమునకు జనసమూహమును కూర్చగల శక్తి యున్నదని మన జిల్లావారికి వేరుగ చెప్పనక్కరలేదు. చీరాల పేరాల ఉద్యమకాలమున దుగ్గిరాల గోపాలకృష్ణయ్యగారు కూర్చిన రామదండును గూర్చి మా పెద్దలు చెప్పగా విన్నాను. 1921లో బెజవాడ కాంగ్రెసు సమావేశమునకు వచ్చిన అపారజనమును అదుపున ఉంచినది ఆ దండే. ఎవరెక్కడివారో ఎరుగని కుఱ్ఱవాండ్రు ఒకే వేషమున నిలిచినంతనే తామొక్కటేయన్న భావము వారికి కలిగెను, చూచువారికిని కలిగెను. స్వాతంత్ర్యపోరాటమును వినోదపు ఆటతో సమానము చేయుచున్నానని తలపకుము. మనిషి ఒంటిమీది బట్ట అతని పక్షమును నోరు విప్పకయే చాటగలదనుటకు మాత్రమే దీనిని చెప్పితిని.

ఇక నీ ప్రశ్నకు వత్తును. జెర్సీ తప్పనిసరి కాదు, రంగు తప్పనిసరి. మావెరిక్స్ జట్టు 1980లో నీలము, ఆకుపచ్చలతో పుట్టినది. ఇప్పుడు దాని ముఖ్యవర్ణము నీలమే. జట్టు దుకాణమున అమ్ము జెర్సీ వెల నూరు డాలర్లకు పైబడియుండును. చదువుకొను పిల్ల మొదటి ఆటకే అంత సొమ్ము వెచ్చింపవలసిన అవసరము నాకు కనిపించుట లేదు. అట్లని వీథిలో చౌకగా అమ్ము నకిలీ సరకును కొనకుము. ఒక ఉతుకుతోనే అంకె పెచ్చులు లేచును, ఆ సొమ్ము ఆటకును చేరదు, జట్టునకును చేరదు. ఆటగాని పేరు, అంకె ముద్రించిన మామూలు నూలు టీషర్టు దుకాణముననే తక్కువ ధరకు దొరకును. ఒకనాటికి జెర్సీయే కొనదలచినచో ఆటగాండ్ర కొలతకు కుట్టినది గాక ప్రేక్షకులకై వదులుగా కుట్టిన రకమును తీసికొనుము. ఆటగాండ్ర జెర్సీకి చేతులుండవు, చంకభాగము లోతుగా కోసియుండును. అది భుజములు స్వేచ్ఛగా కదలుటకు చేసిన ఏర్పాటు. కుర్చీలో కూర్చుండు మనకు దాని లోపల చేతులున్న చొక్కా వేసికొనుటయే అందము. ఉతుకునప్పుడు లోపలివైపు పైకి త్రిప్పి చన్నీట ఉతికి నీడను ఆరవేయుము. అంకెమీద ఇస్త్రీపెట్టె పెట్టకుము.

ఎవరి పేరు ధరింపవలెనన్నది ఇంతకంటె లోతైన ప్రశ్న. జెర్సీ కొనునాడు నా మాట విందువేని 41వ అంకెను ఎన్నుకొనుము. అది డిర్క్ నోవిట్స్కీ ధరించిన అంకె. జర్మనీ దేశమునుండి వచ్చిన ఆ దీర్ఘకాయుడు 1998 మొదలు 2019 వరకు ఇరువదియొక్క ఋతువులు ఈ యొక్క జట్టునకే ఆడెను. 2011 నాటి కిరీటమును తెచ్చినది అతడే. 2022 జనవరిలో ఆ అంకెను మరియెవ్వరును ధరింపకుండ మందిరపు పైకప్పున కట్టిరి. ఆ యేటి క్రిస్మసునాడే అతని విగ్రహమును వెలుపల ప్రతిష్ఠించిరి. పరదేశమునుండి వచ్చి, అచ్చటి భాషను, ఆటను, మనుష్యులను తనవిగా చేసికొన్న ఆతని పేరు నీవంటి బాలికకు వింతగా తోచదని నా తలంపు.

నీ స్నేహితురాలివద్ద లూకా దోంచిచ్ పేరుగల 77వ జెర్సీ యున్నదనియు, దానిని వేసికొనుటకు ఆమె జంకుచున్నదనియు వ్రాసితివి. స్లొవేనియా దేశమునుండి పందొమ్మిదేండ్ల ప్రాయమున, 2018లో వచ్చిన ఆ కుఱ్ఱవాడు డల్లాసు ప్రజల కన్నబిడ్డవలె పెరిగెను. అట్టివానిని 2025 ఫిబ్రవరి మొదటి దినములలో, అర్ధరాత్రివేళ, ఎవ్వరును ఊహింపని తీరున లాస్ ఏంజెలెస్ జట్టునకు మార్చివేసిరి. అభిమానులు మందిరము వెలుపల గుమిగూడి వాపోయిరి. ఏప్రిల్ 9వ తేదీన అతడు ప్రత్యర్థిగా తిరిగివచ్చిన నాడు మావెరిక్స్ సంస్థవారే అన్నిటికిని కృతజ్ఞతలని అతని మాతృభాషలో ముద్రించిన టీషర్టులను ప్రేక్షకుల ఆసనములపై పరపించిరి. అతడు కన్నీరు పెట్టుకొని, ఆపైన నలుబదియైదు పాయింట్లు చేసి తన క్రొత్తజట్టును గెలిపించెను. ఆ ఆటను ఇచ్చట తెల్లవారుజామున లేచి చూచినాను. ప్రత్యర్థి ధరించిన పేరును తామును ధరించి, ఎదుటి జట్టు ఓడవలెనని కోరుచునే ఆ మనుష్యుని ప్రేమించిన జనమును చూచి, క్రీడాభిమానము ఇంత ఉదాత్తముగా ఉండగలదాయని నా మనస్సు నిండిపోయినది. కావున నీ స్నేహితురాలిని నిస్సంకోచముగా ఆ 77ను వేసికొనుమనుము. ఒకనాడు మనకు ఆనందము నిచ్చినవాని పేరు ధరించుట ఇప్పటి జట్టునకు ద్రోహము కాదు.

నీవు మాత్రము ఆ నీలపు కుర్తీయే వేసికొనుము. మంగళగిరి నూలుబట్ట పలుచన, గట్టిదనము రెండును గలది. లేచినను కూర్చున్నను ఒంటికి అంటుకొని బాధింపదు, గంటల తరబడి కూర్చున్నను గాలి ఆడును. ఒక్క జాగ్రత్త కావలెను. అది ఇంకను ఉతుకని క్రొత్తబట్ట. ముదురు నీలపు చేనేత మొదటి ఉతుకులలో రంగు వదలును. చెమట తగిలినచో మెడయు చంకలును నీలమగును, ప్రక్కవారి తెల్లచొక్కాకును అంటవచ్చును. రెండురోజుల ముందుగనే గుప్పెడు కల్లుప్పు వేసిన చన్నీట ఒకపూట నానవేసి, పిండకుండ జాడించి, నీరు తేటపడువరకు అట్లే చేయుము. పిదప తడిబట్ట అంచును తెల్లని చేతిరుమాలుతో గట్టిగా ఒత్తి చూడుము. రుమాలుమీద మరక పడనినాడే అది సభకు యోగ్యమైనట్లు. చున్నీ వలదు. పై అంతస్తుల మెట్లు మిక్కిలి నిటారుగా నుండును, కదిలెడు మెట్లు వేరుగ నుండును. వ్రేలాడు వస్త్రము అచ్చట ప్రమాదహేతువు. జీన్సు ప్యాంటు, మడమ లేని బూట్లు చాలును.

లోపల చలిగా నుండునని మరువకుము. ఆ మందిరమే డల్లాస్ స్టార్స్ అను మంచుహాకీ జట్టునకును నివాసము. ఋతువంతయు నేలమీది మంచును కరుగనీయక, దానిపై పలకలు పరచి, ఆ పలకలపై మేపుల్ కలప కోర్టును అమర్చి బాస్కెట్‌బాల్ ఆడింతురు. బంతి ఎగురుచున్న నేలక్రింద మంచు పరచియున్నదని చాలమంది ప్రేక్షకులు ఎరుగరు! కుర్తీ లోపల పొడుగుచేతుల బనియను వేసికొనుము. స్వెట్టరు పైన వేసినచో నీలము మరుగుపడును, రంగు ధరించిన ఫలము పోవును. సంచుల కొలతకు ద్వారమువద్ద నియమములున్నవి, బయలుదేరుటకు ముందు చదువుకొనుము. జేబులున్న బట్టయైనచో సంచి అవసరమే యుండదు. ఎత్తైన టోపీలు వెనుకవారి చూపునకు అడ్డము. ముఖమునకు రంగులు పూసికొనుట నీ ఇష్టము, నీ చర్మమునకు పడినచో సరే.

మరియొక సంగతి. ఒకే రంగు ధరింపుమని చెప్పితిని గాని, ఆ దినమున మావెరిక్స్ ఆటగాండ్రు నీలమే ధరింతురను నిశ్చయము లేదు. స్వస్థలమున ఆడు జట్టు తెలుపే ధరించు పాత ఆచారము 2017తో పోయినది. ఏ ఆటకు ఏ రంగో ముందుగనే ప్రకటింతురు, చూచుకొనుము. స్పర్స్ వర్ణములు నలుపు, వెండి. నీ బృందమున ఒకతె స్పర్స్ పక్షమనియు, ఆమెను నలుపు వేసికొనవద్దని మిగిలినవారు బలవంతము చేయుచున్నారనియు వ్రాసిన వాక్యము నాకు నచ్చలేదు. ఆమెను నలుపే వేసికొననిండు, మీ నడుమనే కూర్చుండనిండు. ఎదుటి పక్షమువాడు లేని పందెము పందెమెట్లగును? ప్రక్క గ్రామపు కుఱ్ఱవాండ్రు తమ రంగు బనియనులతో వచ్చి మన బల్లలమీదనే కూర్చుండి, మనము పెట్టిన మజ్జిగ త్రాగుచు మన జట్టు ఓడవలెనని అరచిన ఆటలే నేను చూచిన ఆటలన్నిటిలో రక్తి కట్టినవి. ఎదుటి జట్టును, ఆటగానిని, అతని ఊరిని తిట్టు మాటలు ముద్రించిన టీషర్టులను మాత్రము, అవి ఎంత నవ్వు పుట్టించునవైనను, మీలో ఎవ్వరును ధరింపకుడు. నోటితో అన్న మాట ఆ ఆవేశముతోనే చల్లారును. చొక్కామీద అచ్చువేసిన మాట ఆట ముగిసి, ఓడినవారు తలవంచుకొని మెట్లు దిగుచున్నప్పుడు కూడ వారి కండ్లయెదుట నిలిచియుండును. ప్రక్కవరుసలో స్పర్స్ చొక్కా తొడిగిన చిన్నపిల్లవాడొకడు తండ్రి చేయి పట్టుకొని ఉండవచ్చును గదా.

చలికాలమున మీ సాయంకాలము ఏడున్నర మాకు మరునాటి ఉదయము ఏడు గంటలు. నేనును మామ్మయు టీవీ ముందు కూర్చుండి చూతుము. ఆమెకు నియమములు తెలియవు గాని నీలమువైపు పాయింటు పడినప్పుడెల్ల సంతోషించుటకు సిద్ధముగా నున్నది. ఆట ముగియువరకు ఉండుము, సమానమైనచో అదనపు ఐదు నిమిషములును ఉండుము. తిరుగు రైలు వేళను ముందే చూచుకొని, మందిరము ప్రక్కనున్న విక్టరీ స్టేషనునకు అందరును కలిసియే నడువుడు. గదికి చేరినంతనే ఫోను చేయుము. ఇచ్చట ఉదయము పదిగంటలు దాటియుండును, మమ్ము నిద్రలేపుదువేమోనను సంకోచము వలదు.

ఇట్లు,
ఆశీస్సులతో,
నీ తాతయ్య.