ఉమ్మెత్త: మందు ఏది, విషము ఏది?

ఉమ్మెత్తను ఎరుగని రైతు ఉండడు. బూర వంటి తెల్లని లేదా ఊదారంగు పువ్వు, ముళ్ళ కాయ, నలిపిన వెగటు వాసన కొట్టు వెడల్పు ఆకులు దీని గుర్తులు. వంగ, మిరప, టమాటా, పొగాకు దీని కుటుంబములోనివే. వినాయక చవితి పత్రిలో ఇదియు ఒకటి. ఇంత పరిచయమైన మొక్క గనుకనే జనులు దీనిని తేలికగా చూతురు.

శేరిలింగంపల్లిలో నల్లగండ్ల, గోపనపల్లి వైపు ఒకప్పుడు దున్నిన భూములలో నేడు మేడలు లేచినవి. వాటి నడుమ ఖాళీ ప్లాట్లలో, పునాదులు తీసి పోసిన మట్టి కుప్పల మీద పెరుగు మొక్కలలో ఉమ్మెత్త ఒకటి. ఇట్టి చోట్ల గడ్డి కోసి గేదెలకు వేయువారు జాగ్రత్త వహించవలెను. నిలిచి ఉన్న ఉమ్మెత్తను పశువు సాధారణముగా ముట్టదు. కాని గడ్డితో కలిపి కోసి, ముక్కలు చేసి తొట్టిలో వేసినచో ఏరివేయలేక తినును. అట్లే పూజ ముగిసిన పత్రిని పశువులకు వేయరాదు. అందులో ఉమ్మెత్తయే గాక గన్నేరు కూడ ఉండును. అది పశువుకు ఇంకను ప్రాణాంతకము.

ఉమ్మెత్త వేరు మొదలు గింజ వరకు అన్నియు విషమే. అట్రోపిన్, హయోసయమిన్, స్కోపొలమిన్ అను పదార్థములు ఇందులో కలవు. ఇవే మందులు కూడ. మద్రాసులో ఉబ్బసమునకు ఉమ్మెత్త పొగ పీల్చు వాడుకను చూచి జనరల్ జెంట్ అను సేనాని 1802లో దానిని ఇంగ్లండుకు చేర్చెను. ఆయుర్వేదములో కనకాసవమునందు ఉమ్మెత్త చేరును. అయితే వైద్యులు దానిని శుద్ధి చేయనిదే వాడరు. మన దేశపు ఔషధ నిబంధనలలోను ఇది విషద్రవ్యముల పట్టికలో ఉన్నది.

రైతుకు ముఖ్యమైన సంగతి మరియొకటి. క్లోరిపైరిఫాస్ వంటి ఆర్గానోఫాస్ఫరస్ పురుగుమందు ఒంటికెక్కినపుడు నోట చొంగ, చెమట, గుండెలో గురగుర పుట్టి, కంటిపాపలు సూదిమొనలంత అగును. అప్పుడు ఆసుపత్రిలో ఇచ్చు సూదిమందు అట్రోపినే. ఇది విని, “అయితే ఉమ్మెత్త రసము తాగించిన చాలును గదా” అని ఎవరైనను అనుకొన్నచో అది ఘోరమైన పొరపాటు. వైద్యుడు రోగి ఊపిరితిత్తులు, నాడి చూచుచు మిల్లీగ్రాముల లెక్కన మోతాదు పెంచును. ఆకులో, గింజలో ఎంత మందున్నదో ఎవరును చూచి చెప్పలేరు. చెట్టుకు చెట్టుకు, లేతకు ముదురుకు అది మారును. పురుగుమందు తగిలినవాని బట్టలు విప్పి, ఒళ్ళు సబ్బుతో కడిగి, మందు డబ్బాతో సహా ఆసుపత్రికి చేర్చవలెను.

2020 ఏప్రిల్‌లో చిత్తూరు జిల్లా బైరెడ్డిపల్లె మండలములో రెండు కుటుంబములవారు సుమారు పదిమంది, కరోనాకు మందని ఒక వీడియోలో చూచి ఉమ్మెత్త గింజల రసము తాగి ఆసుపత్రి పాలైరి. అదృష్టవశమున చికిత్సతో కోలుకొనిరి.

తెలిసి తాగనివారికి కూడ ముప్పు కలదు. 2019లో ఉగాండాలో సహాయముగా పంచిన పిండిలో ఈ జాతి విషము కలిసి సుమారు 300 మంది జబ్బుపడి, ఐదుగురు మరణించిరి. కావున సోయాచిక్కుడు, జొన్న చేలలో ఉమ్మెత్తను కోతకు ముందే ఏరివేయవలెను. మిరపగింజలతో దీని గింజ పోలియుండును, పోల్చుకొనుట మాత్రము కష్టము గాదు: మిరపగింజ పలుచగా, లేతపసుపుగా, కారముగా ఉండును, ఉమ్మెత్త గింజ దళసరిగా, గోధుమరంగున, గుంటలు గుంటలుగా ఉండును. రుచి చూచి తేల్చుకొను పని మాత్రము పెట్టుకొనకుడు.

తిన్నవారికి నోరెండిపోవును, మొగము ఎర్రబారును, ఒళ్ళు చెమట లేక కాలును, కంటిపాపలు విచ్చుకొనును, మూత్రము బిగియును. తుదకు లేని వస్తువులను పట్టబోవుచు పిచ్చిగా మాటలాడుదురు. దయ్యము పట్టినదని కాలము వృథా చేయక 108కి కబురు చేయుడు. తిన్న ఆకునో కాయనో వెంట తీసుకొనిపోవుడు. బలవంతముగా వాంతి చేయించరాదు. స్పృహ తప్పినవాని నోట ఏదియు పోయరాదు.

మొక్కను కాయ పగులకముందే వేరుతో పెరికి లోతుగా పాతిపెట్టవలెను. గింజలు రాలినచో నేలలో ఏండ్ల తరబడి బ్రతికియుండును. తగులబెట్టరాదు, పొగ కూడ చెరుపు చేయును. చేతులకు తొడుగులు వేసికొని, పని ముగియగానే సబ్బుతో కడుగవలెను. ఆ రసపు చేతితో కన్ను నులిమినచో ఒక్క కంటిపాపయే పెద్దదై, కొన్ని దినములు చూపు మసకబారును.