వార్తలు చదివిన శాంతి స్వరూప్



ఒక రోజు మన కేంద్రంలో పాఠం జరుగుతోంది. ఒక అవ్వ పలక పక్కన పెట్టేసింది.

"లోకం సంగతులన్నీ టీవీయే చెబుతోంది కదా నాయనా! ఈ వయసులో నాకీ అక్షరాలు ఎందుకు?" అంది.

అందరూ నవ్వారు. నేను నవ్వలేదు. అవ్వ అడిగింది మంచి ప్రశ్న. జవాబుగా ఒక మనిషి సంగతి చెప్పాను. మీరూ చదవండి.

ఆయన పేరు శాంతి స్వరూప్. టీవీలో తెలుగు వార్తలు చదివిన మొదటి మనిషి ఆయనే.

హైదరాబాద్ దూరదర్శన్ కేంద్రం 1977 అక్టోబరు 23న మొదలైంది. తెలుగు వార్తలు 1983 నవంబరు 14న మొదలయ్యాయి. అప్పట్లో అందరి ఇళ్ళలో టీవీ లేదు. ఉన్న ఇంటికి ఇరుగుపొరుగు చేరేవారు.

సినిమాలో నటుడు ఒకసారి రాజు అవుతాడు. ఇంకోసారి దొంగ అవుతాడు. శాంతి స్వరూప్ ఏ వేషమూ వేయలేదు. తెర మీద శాంతి స్వరూప్‌గానే కనిపించారు. అలాగే జనానికి దగ్గరయ్యారు.

ఇప్పుడు వార్తలు చదివేవారికి కెమెరా దగ్గర ఒక అద్దం ఉంటుంది. చదవాల్సిన మాటలు దాని మీద కదులుతూ కనిపిస్తాయి. దాన్ని ప్రాంప్టర్ అంటారు. మొదట్లో సుమారు పదేళ్ళు ఆయనకు ఆ సదుపాయం లేదు. కాగితం మీద రాసిన వార్తలు ముందే చదువుకునేవారు. గుర్తు పెట్టుకునేవారు. తర్వాత మన వంక చూస్తూ చెప్పేవారు. చూసేవాళ్ళకి మాట్లాడుతున్నట్టే ఉండేది. కాని దాని వెనక ఉన్నది చదువే.

ఆయన నవలలు కూడా రాశారు. 1984లో భోపాల్‌లో విషవాయువు వేలమందిని చంపింది. ఆ ఘోరం మీద 'రాతి మేఘం' రాశారు. 2011లో ఉద్యోగ విరమణ చేశారు. 2024 ఏప్రిల్ 5న హైదరాబాద్‌లో కన్నుమూశారు.

ఇదంతా చెప్పి అవ్వతో అన్నాను.

"టీవీ చెప్పే వార్త కూడా ఎవరో రాసిందే, ఎవరో చదివిందే అవ్వా. టీవీ మాట ఒక్కసారి వినబడి పోతుంది. కాగితం నీ చేతిలోనే ఉంటుంది. ఎన్నిసార్లయినా చదువుకోవచ్చు. నీ పింఛను కాగితంలో ఏం రాశారో టీవీ చెబుతుందా?"

అవ్వ కాసేపు మాట్లాడలేదు.

"మొన్న ఒక కాగితం మీద వేలిముద్ర వేశాను. అందులో ఏముందో నాకు తెలీదు. రేపు తెస్తాను, చదివి పెట్టు" అంది.

"ఇద్దరం కలిసి చదువుదాం" అన్నాను.

అవ్వ పలక మళ్ళీ ఒళ్ళోకి తీసుకుంది.

జవాబులు చెప్పండి:
1. టీవీలో తెలుగు వార్తలు ఏ సంవత్సరం మొదలయ్యాయి?
2. ప్రాంప్టర్ లేకుండా శాంతి స్వరూప్ వార్తలు ఎలా చెప్పేవారు?
3. మీరు వేలిముద్ర వేసిన కాగితం ఏదైనా ఉందా? అందులో ఏముంది?

రాయండి:
ఈ రాత్రి విన్న ఒక వార్తను మీ మాటల్లో రెండు వాక్యాలు రాయండి. కింద మీ పేరు రాయండి.